నాన్న చావును నాన్నతోనే తీసిన సినిమా: ఒక ఎడిటర్ కేస్ స్టడీ

ఇంట్లోవాళ్ళ మీద డాక్యుమెంటరీ తీస్తున్నామని నా ఎడిటింగ్ టేబుల్ దగ్గరికి వచ్చేవాళ్ళు ఈమధ్య బాగా పెరిగారు. అమ్మకి మతిమరుపు ముదురుతోందని ఒకరు, ఊళ్ళో తాతయ్య కట్టిన ఇల్లు అమ్మేస్తున్నారని ఇంకొకరు వస్తారు. అమెరికాలో ఉద్యోగం చేసుకుంటూ, సెలవులకి వచ్చినప్పుడల్లా నాన్నని కూర్చోబెట్టి మాట్లాడించి దాచుకున్నవాళ్ళు కూడా ఉన్నారు. హార్డ్ డిస్క్ చేతిలో పెట్టి "దీంట్లోంచి ఒక సినిమా తీయండి" అంటారు. ఆ ఫుటేజ్ తెరవకముందే నేను వాళ్ళకి చెప్పే మాట ఒకటే. అమెరికన్ డైరెక్టర్ కిర్‌స్టెన్ జాన్సన్ తన తండ్రి డిక్ మీద తీసిన డాక్యుమెంటరీ 'డిక్ జాన్సన్ ఈజ్ డెడ్' చూసి రండి, తర్వాత కూర్చుని మాట్లాడుకుందాం.

సొంత మనుషుల మీద కెమెరా పెట్టినప్పుడు వచ్చే చిక్కులన్నీ ఆ సినిమాలో ఉన్నాయి. తీయొచ్చా తీయకూడదా, ఎవరి అనుమతితో తీస్తున్నాం, ఆ మనిషి అనుమతి ఇచ్చిన సంగతే మర్చిపోతే ఏం చేయాలి, కూతురు ఎక్కడ ఆగి డైరెక్టర్ ఎక్కడ మొదలవ్వాలి. వీటిని ఆమె ఎలా దాటిందో సీన్ల వారీగా చూస్తే నాకు తేలింది ఇది: ఆమె తండ్రిని కెమెరా ముందు కూర్చోబెట్టి ప్రశ్నలు వేసి ఊరుకోలేదు, ఆయనకి సినిమాలో ఒక పని ఇచ్చింది. సినిమాలో నాకు నచ్చినవి చాలావరకు ఆ ఒక్క నిర్ణయంలోంచే వచ్చాయి.

కెమెరా వెనక పాతికేళ్ళు

కిర్‌స్టెన్ జాన్సన్ పాతికేళ్ళపాటు ఇతరుల డాక్యుమెంటరీలకి కెమెరా పట్టింది. మైకేల్ మూర్ 'ఫారెన్‌హీట్ 9/11', లారా పొయిట్రస్ 'ది ఓత్', 'సిటిజన్‌ఫోర్' సినిమాలకి కెమెరా చేసినవాళ్ళలో ఆమె పేరు కనిపిస్తుంది. బోస్నియా, డార్ఫర్, యెమెన్, నైజీరియా, అఫ్ఘానిస్తాన్ తిరిగింది. ఘోరాలు చూసి బతికి బయటపడ్డ మనుషుల ఎదుట కెమెరాతో నిలబడటమే ఆమె ఉద్యోగం. ఈ వృత్తిలో ఉన్నవాళ్ళందరికీ తెలిసిన బాధ ఒకటుంది. షూట్ అయ్యాక మనం బండెక్కి వచ్చేస్తాం, వాళ్ళు మాత్రం అక్కడే, ఆ కష్టంలోనే ఉంటారు. మనం తీసుకొచ్చిన వాళ్ళ ముఖం ఎక్కడెక్కడ ఆడుతోందో కూడా వాళ్ళకి తెలియదు.

కాబూల్‌లో ఇద్దరు టీనేజర్ల మీద ఆమె సొంతంగా ఒక సినిమా మొదలుపెట్టింది. షూటింగ్ చాలా దూరం వెళ్ళాక, తన ముఖం తెర మీద కనిపిస్తే ప్రమాదమని అందులోని అమ్మాయి వెనక్కి తగ్గింది. అనుకున్న సినిమా అక్కడితో ఆగిపోయింది. ఇన్నేళ్ళూ నేను తీసినదాంట్లో నాకు ఎంత హక్కు ఉంది అనే ప్రశ్న అక్కడ ఆమెకి గట్టిగా తగిలింది. దాంట్లోంచి పుట్టిందే 2016లో వచ్చిన 'కెమెరాపర్సన్'. వేరేవాళ్ళ సినిమాల కోసం తను తీసిన షాట్లు, వాటిలో వాడకుండా మిగిలినవి, ఏరి పక్కపక్కన పేర్చిన సినిమా అది. వీటిని నా జ్ఞాపకాలుగా చూడండి అని మొదట్లోనే తెర మీద రాసి చూపిస్తుంది.

ఎడిటర్లకి ఆ సినిమా ఒక పాఠ్యపుస్తకం. మామూలుగా మనం ఏం పారేస్తామో అవే అందులో ఉంటాయి. రోడ్డు పక్కన కెమెరా పెట్టి ఆకాశంలో మెరుపు కోసం చూస్తుంటే ఆమెకి తుమ్ము వస్తుంది, ఫ్రేమ్ ఊగిపోతుంది. ఇంకోచోట ఫ్రేమ్‌కి అడ్డొస్తున్న గడ్డిని ఆమె చెయ్యి వచ్చి పీకేస్తుంది. బోస్నియా పల్లెలో ఒక చిన్నపిల్లాడు గొడ్డలితో ఆడుకుంటుంటే కెమెరా వెనక నుంచి ఆమె ఉలిక్కిపడ్డ చప్పుడు వినిపిస్తుంది. కెమెరా వదిలేసి వెళ్ళి ఆ గొడ్డలి లాక్కోవాలా, అలాగే తీస్తూ ఉండాలా? ఆ రెండు సెకన్ల ఊగిసలాట మొత్తం ఆ శబ్దంలో ఉంది. ఆమె ముఖం దాదాపుగా ఎక్కడా కనిపించదు, అయినా మనిషి పూర్తిగా తెలిసిపోతుంది. సొంత జీవితం తీయడం అంటే సెల్ఫీలా ముఖం పెట్టుకోవడమే అనుకునేవాళ్ళకి నేను ఈ మూడు షాట్లు చూపిస్తాను.

'కెమెరాపర్సన్'లో ఆమె తల్లి కూడా ఉంటుంది. అల్జీమర్స్ వచ్చిన తర్వాత తీసిన కొద్దిపాటి ఫుటేజ్. ఆ తల్లి 2007లో చనిపోయింది. లోకంలో ఎంతోమంది ముఖాల్ని అంత శ్రద్ధగా తీసిన మనిషి దగ్గర, కన్నతల్లి ఆరోగ్యంగా, నవ్వుతూ, తన తీరులో తను ఉన్న ఫుటేజ్ లేదు. ఉన్నదల్లా తల్లి తనని తాను గుర్తుపట్టలేని స్థితిలో ఉన్నది. అలాంటి స్థితిలో తనని తీయడం ఆవిడకి ఇష్టం ఉండేది కాదని కూతురికి తెలుసు. తర్వాతి సినిమాకి బీజం అదే. మనకి కూడా ఇది కొత్త కాదు. అమ్మ పోయాక ఫోన్లో వెతికితే పెళ్ళిళ్ళలో వెనక వరసలో నిలబడ్డ ఫొటోలు, ఆసుపత్రి మంచం మీద తీసిన వీడియో తప్ప ఇంకేం దొరకని ఇళ్ళు ఎన్నో.

చిక్కు ఎక్కడ వచ్చింది

డిక్ జాన్సన్ సియాటిల్‌లో సైకియాట్రిస్టు. భార్య జబ్బు పడ్డన్నాళ్ళూ దగ్గరుండి చూసుకున్న మనిషి. ఎనభై దాటాక ఆయనకీ మతిమరుపు మొదలైంది. ఒకే టైముకి ఇద్దరు పేషెంట్లని రమ్మనడం మొదలైంది. ఒకసారి రోడ్డు పనులు జరుగుతున్న చోటు మీదుగా కారు వేగంగా తోలుకుంటూ వెళ్ళి, నాలుగు టైర్లూ గాలిపోయిన కారుతోనే ఇంటికొచ్చారు. ఇక ఒంటరిగా ఉంచడం కుదరదని కూతురు నిర్ణయించింది. ప్రాక్టీసు మూసేసి, ఇల్లు ఖాళీ చేసి, న్యూయార్క్‌లో తన ఒక్క బెడ్‌రూమ్ అపార్ట్‌మెంట్‌కి తెచ్చుకుంది.

ఇక్కడ ఒక డాక్యుమెంటరీ డైరెక్టర్ ముందు రెండు తేలికైన దారులు ఉంటాయి. ఒకటి, పక్కన నిలబడి జరిగేది జరిగినట్టు తీస్తూ పోవడం: జబ్బు పెరుగుతుంది, మనిషి తగ్గిపోతాడు, చివర్లో మరణం, అది సినిమాకి ముగింపు. అలాంటి సినిమాలు మంచివే ఉన్నాయి. కానీ తల్లి విషయంలో కిర్‌స్టెన్ చేసింది అదే, ఆ బాధ ఇంకా తగ్గలేదు. రెండోది, జ్ఞాపకం ఉండగానే గట్టిగా ఇంటర్వ్యూలు చేసి ఆయన జీవితకథ రికార్డు చేసుకోవడం. నా టేబుల్ మీదికి వచ్చే హార్డ్ డిస్కుల్లో నూటికి తొంభై ఈ రెండో రకమే. అందులో కథ దొరుకుతుంది కానీ మనిషి దొరకడు.

ఆమె మూడో దారి ఎంచుకుంది. శవపేటికలో ఉన్న మనిషి లేచి కూర్చుని, నేను డిక్ జాన్సన్‌ని, నేనింకా చావలేదు అన్నట్టు తనకి కల వచ్చిందని ఆమె ఇంటర్వ్యూల్లో చెప్పింది. ఆ కలని పట్టుకుని తండ్రి ముందు ఒక ప్రతిపాదన పెట్టింది. నువ్వు రకరకాలుగా చనిపోతున్నట్టు మనిద్దరం కలిసి సీన్లు తీద్దాం, ప్రతిసారీ నువ్వు లేచి వచ్చేస్తావు. ఆయన సరే అన్నారు. హాస్యం ఇష్టపడే మనిషి కావడం ఇక్కడ కలిసొచ్చింది. సినిమాలో మొదట్లోనే మనవళ్ళని ఊయల ఊపుతూ, తనకి ఎప్పటినుంచో సినిమాల్లో వేయాలని ఉందని ఆయనే అంటారు.

మన ఇళ్ళల్లో ఇది విన్నవాళ్ళు ముందు ఉలిక్కిపడతారు. బతికున్న తండ్రి చావు గురించి మాట్లాడితేనే "అపశకునం మాటలు మాట్లాడకు" అని కసురుతారు. అది నేను కొట్టిపారేయను, ఆ భయంలో ప్రేమ ఉంది. అయితే మన సంప్రదాయంలోనే బతికుండగా తన శ్రాద్ధం తనే పెట్టుకునే జీవశ్రాద్ధం ఉంది, గయ వెళ్ళి ఆత్మపిండం పెట్టుకుని వచ్చిన పెద్దవాళ్ళు ఉన్నారు. తన వీడ్కోలు తన కళ్ళతో చూసుకుని, చేయాల్సింది చేసేసి నిశ్చింతగా ఉండాలనుకోవడం మనకి మరీ పరాయి ఆలోచన ఏమీ కాదు. దానికి కెమెరా తోడవడమే కొత్త.

సెట్ మీద జరిగిన పని

న్యూయార్క్ వీధిలో డిక్ నడుచుకుంటూ వెళ్తుంటారు. పైనుంచి ఎయిర్ కండిషనర్ ఒకటి ఊడి ఆయన మీద పడుతుంది. ప్రేక్షకుడికి గుండె ఝల్లుమంటుంది. మరుక్షణంలో సెట్ మొత్తం కనిపిస్తుంది: కింద పడ్డది ఆయన బదులు పడే స్టంట్ డబుల్, చుట్టూ యూనిట్ మనుషులు, అసలు డిక్ పక్కనే క్షేమంగా ఉన్నారు. ఇంకో సీన్లో మెట్ల మీద నుంచి పడిపోయి కింద కాళ్ళు పైకి పెట్టి పడి ఉంటారు. మరోచోట భవన నిర్మాణ కార్మికుడు భుజాన ఉన్న చెక్కతో తిరగడం, దానికున్న మేకు ఆయన మెడకి తగలడం. ప్రతి చావు తర్వాత ఆయన లేస్తారు. షాట్‌కీ షాట్‌కీ మధ్య కుర్చీలోనే కునుకు తీస్తారు.

వృత్తిలో ఉన్నవాళ్ళు ఈ సీన్లలో గమనించాల్సింది యూనిట్‌ని దాచకపోవడం. ఆ తెర వెనక పనిని ఆమె మేకింగ్ వీడియోలా విడిగా పెట్టలేదు, సినిమా శరీరంలోనే కలిపేసింది. ఎందుకంటే ఆ తయారీలో జరిగేదే అసలు సంబంధం. రక్తం కారేలా మెడకి పైపు కడుతున్నప్పుడు, చలేస్తోందా అని అడుగుతున్నప్పుడు, ఇలా పడుకో అని చూపిస్తున్నప్పుడు, కూతురు తండ్రి శరీరాన్ని పట్టుకుని పనిచేస్తోంది. అనారోగ్యంతో ఉన్న తల్లిదండ్రులకి పిల్లలు చేసే సేవ, సినిమా పని, రెండూ ఆ చేతుల్లో ఒకటైపోయాయి. వీల్‌చెయిర్‌లో తోసుకెళ్ళే షాట్ ఒకటి తీసుంటే అది సేవ గురించి ఒక మాట చెప్పి ఊరుకునేది. ఇక్కడ సేవ పనిగా జరుగుతూ కనిపిస్తుంది.

తండ్రి వైపు నుంచి చూసినా ఇది ముఖ్యం. జబ్బు వచ్చిన పెద్దమనిషి దగ్గర్నుంచి ఇంట్లోవాళ్ళు ఒక్కొక్కటే తీసేసుకుంటారు: కారు తాళాలు, చెక్కు బుక్కు, గ్యాస్ పొయ్యి. మంచికే తీసుకుంటారు. కానీ తీసుకున్నదాని బదులు ఏదీ ఇవ్వరు. డిక్ నుంచి ప్రాక్టీసు పోయింది, ఇల్లు పోయింది. కారు పోతోందన్నప్పుడు ఆయన పడ్డ బాధ సినిమాలో చూస్తాం, అది ఇనప మిషన్ గురించి కాదని ఎవరికైనా అర్థమవుతుంది. అంత పోయిన మనిషికి ఆమె ఒక ఉద్యోగం ఇచ్చింది. పొద్దున లేచి వెళ్ళడానికి ఒక సెట్, తన కోసం ఎదురుచూసే యూనిట్, తను చేస్తేనే పూర్తయ్యే షాట్.

స్వర్గం సీన్ ఆ ఉద్యోగంలో పండగ లాంటిది. జాన్సన్ కుటుంబం సెవెన్త్ డే అడ్వెంటిస్టులు అనే క్రైస్తవ శాఖవాళ్ళు. మన నూజివీడులో గిఫర్డ్ మెమోరియల్ ఆసుపత్రి పెట్టిన సంఘం అదే. చనిపోయినవాళ్ళు క్రీస్తు రెండోసారి వచ్చేదాకా నిద్రలో ఉంటారని వాళ్ళ నమ్మకం. సినిమాలు, డ్యాన్సులు కూడదనే కట్టుబాట్ల మధ్య పెరిగిన పిల్లని సినిమాకి తీసుకెళ్ళింది ఈ తండ్రే. ఆయన కాలివేళ్ళు పుట్టుకతోనే వంకర, జీవితమంతా వాటిని చూసి సిగ్గుపడ్డారు. స్టూడియోలో వేసిన స్వర్గం సెట్‌లో మెరుపు కాగితాలు, ఆయనకి ప్రాణమైన చాక్లెట్ ఉంటాయి. ఏసు వేషం వేసిన నటుడు వచ్చి ఆయన పాదాలు తాకి వేళ్ళు సరిచేస్తాడు. ఫొటోలోంచి కత్తిరించిన భార్య ముఖాన్ని మాస్కులా పెట్టుకున్న డాన్సర్‌తో ఆయన రూపం కూడా కలిసి నృత్యం చేస్తుంది. బతికున్నప్పుడు వాళ్ళిద్దరూ చేయని పని. చూడ్డానికి నాటకంలాగా, రంగులన్నీ ఎక్కువగా ఉంటాయి. ఒక మనిషి తన వేళ్ళని చూసి సిగ్గుపడేవాడన్న నిజం ఎంత ఇంటర్వ్యూ చేసినా ఇంత లోతుగా తగలదు. కల్పించిన సీన్ నిజం చెప్పలేదు అనేవాళ్ళతో నేను వాదించే చోటు ఇదే.

అనుమతి మర్చిపోయిన మనిషి

ఇప్పుడు అసలు కష్టమైన భాగానికి వస్తాను. డిమెన్షియా (మతిమరుపు జబ్బు) ఉన్న మనిషి ఈరోజు సరే అంటే రేపటికి అది చెల్లుతుందా? చట్టం ఏం చెప్తుందన్నది ఒక విషయం. షూటింగ్ మధ్యలో నిలబడ్డ డైరెక్టర్ మనసాక్షికి ఏం చెప్పుకోవాలన్నది వేరే విషయం. డిక్ సైకియాట్రిస్టు, భార్య జబ్బుని మొదటి నుంచి చివరి దాకా చూసినవారు. తనకి ఏం రాబోతోందో అందరికంటే ఆయనకే బాగా తెలుసు. అందుకే మొదట్లో ఇచ్చిన అనుమతికి చాలా బరువు ఉంది. కానీ నెలలు గడిచేకొద్దీ ఆ బరువు తగ్గుతూ వస్తుంది. అర్ధరాత్రి లేచి, బట్టలు వేసుకుని, పేషెంట్లు ఎదురుచూస్తున్నారని బయల్దేరిన సంగతి సినిమాలో వస్తుంది. అప్పటికి ఆయన ఉన్నది న్యూయార్క్‌లో, ప్రాక్టీసు మూసేసి చాలా కాలమైంది.

సీన్లు నటింపజేయడం ఇక్కడ ఇంకో విధంగా పనికొచ్చింది. ఇంటర్వ్యూకి ఒకసారి ఒప్పుకుంటే చాలు, తర్వాత కెమెరా రోజూ తిరుగుతూనే ఉంటుంది. నటించాల్సిన సీన్ అలా కాదు. ప్రతిసారీ కొత్తగా చెప్పాలి: ఇవాళ ఏం చేయబోతున్నాం, నువ్వు ఎక్కడ పడుకోవాలి, నొప్పి ఉండదు, ఇదిగో ఈయన నీ బదులు పడతాడు. ఆయన విని నవ్వాలి, లేదా వద్దనాలి. జ్ఞాపకం పోతున్న మనిషికి ఆ రోజు మటుకు, ఆ గంట మటుకు అడిగే అనుమతి నిన్నటి సంతకం కంటే నిజమైనది. ఏదైనా సీన్లో ఆయన ముఖంలో సందేహం కనిపిస్తే ఆ సందేహాన్ని కూడా సినిమాలో ఉంచింది. నవ్వులు మాత్రమే ఉంచి ఉంటే నేను ఈ సినిమాని నమ్మేవాణ్ణి కాదు.

ఆయన ఒప్పుకోలుకి శక్తి తగ్గుతున్నకొద్దీ తెర మీద ఆమె ఉనికి పెరుగుతుంది. మొదట్లో గొంతు, తర్వాత చేతులు, తర్వాత ముఖం, కన్నీళ్ళు. దీన్ని సహ రచయిత కూడా అయిన ఎడిటర్ నెల్స్ బాంగర్టర్ కూర్పులో పట్టిన తీరు మా వృత్తివాళ్ళం విడిగా చదువుకోవాల్సింది. తీసినవాళ్ళు కెమెరా వెనక దాక్కుని, తీయబడ్డవాళ్ళ బలహీనత ఒక్కటే చూపిస్తే అది అన్యాయం. ఆయన తగ్గుతుంటే ఆమె కూడా బయటపడాలి. తన భయం, స్వార్థం కూడా చూపించాలి. నాన్న లేకుండా నేను ఉండలేను కాబట్టి తీస్తున్నాను అన్న స్వార్థం అది, దాన్ని ఆమె దాచదు.

చర్చిలో అంత్యక్రియలు

సియాటిల్‌లో వాళ్ళ చర్చిలో డిక్‌కి అంత్యక్రియలు జరుగుతాయి. పాత స్నేహితులు, బంధువులు, చర్చివాళ్ళు వస్తారు. ఆయన బతికే ఉన్నారని వాళ్ళకి తెలుసు. అయినా ఒక్కొక్కరూ వచ్చి ఆయన గురించి మాట్లాడతారు. డిక్ బయట నిలబడి తలుపు సందులోంచి ఇదంతా చూస్తుంటారు. ఆయన ప్రాణస్నేహితుడు మాట్లాడాక ఆపుకోలేక వెక్కి వెక్కి ఏడుస్తాడు. ఏడుపు ఆగదు. తర్వాత తలుపులు తెరుచుకుంటాయి, డిక్ లోపలికి నడిచొస్తారు, జనమంతా లేచి చప్పట్లు కొడతారు. మనం పోయాక మన గురించి ఏమంటారో వినాలన్న కోరిక ఎవరికి ఉండదు? ఆయనకి అది తీరింది.

ఈ సీన్ సినిమాకి శిఖరం అని చాలామంది అంటారు, నేనూ ఒప్పుకుంటాను. కానీ ఎడిటర్‌గా నాకు ఇందులో ఒక పేచీ ఉంది. ఆ స్నేహితుడు ఏడుస్తున్న షాట్‌ని నేనైతే ఇంకొంచెం ముందే కట్ చేసేవాణ్ణి. డిక్ ఈ ఆటలోకి తెలిసి దిగారు, కూతురు పక్కనే ఉంది. ఆ స్నేహితుడు తనలో ఇంత దుఃఖం ఉందని తనకే తెలియకుండా అక్కడికి వచ్చి ఉండొచ్చు. ఆటలో నిజం దొర్లిన క్షణం అది, అందుకే అంత గొప్పగా ఉంది, అందుకే అంత జాగ్రత్త కూడా కావాలి. మన దగ్గర ఇంటి సినిమాలు తీసేవాళ్ళు సాధారణంగా అమ్మానాన్నల అనుమతి అడుగుతారు, పక్కింటి పిన్ని, పనమ్మాయి, మేనత్త మాత్రం ఫ్రేమ్‌లో ఉత్తినే నడిచిపోతారు. పనమ్మాయి ఆ ఇంటి గురించి చెప్పిన ఒక్క మాట సినిమాలో ఉంటే ఆమె ఉద్యోగమే పోవచ్చు. వాళ్ళని అడగడం ఆఖరి పనిగా మిగలకూడదు.

మన ఫుటేజ్‌లో ఇది ఎలా పనికొచ్చింది

కిర్‌స్టెన్ జాన్సన్‌కి మంచి నిర్మాతలు ఉన్నారు, నెట్‌ఫ్లిక్స్ ఉంది, స్టంట్ డబుల్స్‌ని పెట్టుకునే డబ్బుంది. మన దగ్గర ఒక ఫోను, బట్టలకి తగిలించుకునే ఒక లేపల్ మైకు, ఆదివారం సెలవు ఉంటాయి. కానీ పని ఇవ్వడం అనే సూత్రానికి డబ్బు అక్కర్లేదు.

ఒక అబ్బాయి గోదావరి జిల్లాలో ఉన్న వాళ్ళ అమ్మమ్మ మీద తీసి తెచ్చిన రషెస్ (ఎడిట్ చేయని ముడి ఫుటేజ్) గురించి చెప్తాను. మొదటి హార్డ్ డిస్క్ నిండా ఇంటర్వ్యూలే. పట్టుచీర కట్టించి, వరండాలో కుర్చీ వేసి, "మీ చిన్నప్పటి సంగతులు చెప్పు అమ్మమ్మా" అని అడిగాడు. ఆవిడ చేతులు ఒళ్ళో పెట్టుకుని, స్కూల్లో పద్యం అప్పజెప్పినట్టు మూడు ముక్కలు చెప్పి, "ఇంకేముందిరా" అని ఆపేసింది. ప్రతి క్లిప్పూ అంతే. 'డిక్ జాన్సన్' చూసి వచ్చాక వాడు పద్ధతి మార్చాడు. ఆవిడకి ముందు ఒక గంప మల్లెపూలు, అరటి నార ఇచ్చి, ఈ సినిమాలో పూలమాల కట్టే సీన్ ఉంది, నువ్వే కట్టాలి అని చెప్పాడు. ఆవిడ కట్టడం మొదలుపెట్టింది. రెండేసి పూలు అటూ ఇటూ పెట్టడం, నార చుట్టడం, బొటనవేలితో ముడి నొక్కడం. చేతులు వాటి పని అవి చేసుకుపోతుంటే మాటలు వాటంతట అవే వచ్చాయి. పెళ్ళైన కొత్తలో ఏం జరిగిందో, పెద్ద తుపానుకి ఇల్లు ఎలా కూలిందో, ఎవరిమీద కోపం ఇంకా తగ్గలేదో, అన్నీ. మధ్యలో ఆవిడ తలెత్తి సూటిగా లెన్సులోకి చూసి, "ఆ డబ్బా పక్కన పెట్టి రెండు ముద్దలు తినరా, పొద్దున్నుంచీ ఏం తినలేదు" అంది. వాడు కెమెరా వెనక నుంచి "తింటాలే అమ్మమ్మా, కట్టు" అన్నాడు.

ఆ రెండు మాటలూ తీసేయమని వాడు అడిగాడు, ప్రొఫెషనల్‌గా ఉండదని. నేను ఒప్పుకోలేదు. తీస్తున్నవాడు ఆకలితో ఉన్నాడని గమనించిన మనిషి ఆవిడ. సినిమా అంతా ఆవిడ మంచితనం గురించి ఎవరెవరో చెప్పినా ఆ ఒక్క కసురుకి సరిరాదు. వాడి గొంతు కూడా ఉంచాం. ఎవరు ఎవరిని తీస్తున్నారో అక్కడ తేలిపోతుంది.

ధ్వని గురించి ఒక మాట. ఇంటి సినిమాల్లో బొమ్మ కాస్త అటూ ఇటూ ఉన్నా నడిచిపోతుంది, గొంతు సరిగా లేకపోతే ఏమీ చేయలేం. పాత మనుషుల మాట మెల్లగా ఉంటుంది, పక్కన ఫ్యాన్ తిరుగుతూ ఉంటుంది, టీవీలో సీరియల్ నడుస్తుంది. తీసేవాళ్ళు మైకుని పెద్దావిడ చీర కొంగుకి పెట్టి, ఫ్యాన్ పది నిమిషాలు ఆపితే చాలు. తర్వాత ఎంత డబ్బు పోసినా ఆ గొంతుని శుభ్రం చేయడం మా వల్ల కాదు.

ముగింపు కోసం ఎదురుచూడటం

'డిక్ జాన్సన్ ఈజ్ డెడ్' 2020 జనవరిలో అమెరికాలోని సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో మొదట ఆడింది, అక్కడ కొత్త తరహా కథనానికి ప్రత్యేక జ్యూరీ అవార్డు వచ్చింది. అదే ఏడాది అక్టోబరులో నెట్‌ఫ్లిక్స్‌లోకి వచ్చింది. మరుసటి ఏడాది కిర్‌స్టెన్‌కి డాక్యుమెంటరీ దర్శకత్వానికి అమెరికా టీవీ రంగపు ఎమ్మీ అవార్డు వచ్చింది. లాక్‌డౌన్ రోజుల్లో అమ్మానాన్నలని వీడియో కాల్‌లో మాత్రమే చూసుకున్నవాళ్ళు దీన్ని ఇంట్లో కూర్చుని చూశారు. విదేశాల్లో ఉన్న తెలుగువాళ్ళు చాలామంది ఆ కాలంలో తల్లిదండ్రుల చివరి చూపుకి కూడా రాలేకపోయారు, వాళ్ళకి ఈ సినిమా ఎలా తగిలి ఉంటుందో వేరే చెప్పక్కర్లేదు.

సినిమా చివర్లో ఒక మాయ ఉంది. చాక్లెట్ కేక్, గుండెపోటు, అంబులెన్సు వరసగా వస్తాయి. అప్పటిదాకా నాటకమని నవ్విన ప్రేక్షకుడు ఈసారి నిజమేనేమో అని నమ్మేస్తాడు. కూతురు బట్టల అల్మరాలో కూర్చుని ఫోన్లో వ్యాఖ్యానం రికార్డు చేస్తూ తండ్రి పోయాడని చెప్తుంది. తలుపు తెరిస్తే ఆయన బయటే ఉన్నారు. ఈ ముగింపుని కొందరు మోసం అంటారు. నేను అలా చూడను. మొదటి సీన్ నుంచి సెట్‌ని చూపిస్తూ వచ్చిన సినిమా, ఒకే ఒక్కసారి సెట్‌ని ఆలస్యంగా చూపించింది. ఆ ఆలస్యంలో ప్రేక్షకుడు పడ్డ బాధ, ఆమె ఇన్నేళ్ళుగా రోజూ పడుతున్నదే.

ఎడిటింగ్ పరంగా దీని విలువ వేరే ఉంది. ఆమె సినిమాని బతికున్న తండ్రితో ముగించింది. నా దగ్గరికి వచ్చే ఇంటి సినిమాల్లో సగం ఏళ్ళ తరబడి పూర్తికావు. కారణం అడిగితే "ఇంకా ముగింపు రాలేదండీ" అంటారు. దానర్థం ఏమిటో వాళ్ళకీ తెలుసు, నాకూ తెలుసు, పైకి అనం. అలా ఎదురుచూస్తూ తీసిన ఫుటేజ్‌లో ఆ ఎదురుచూపు కనిపిస్తుంది. కెమెరా మెల్లగా మంచం చుట్టూ తిరగడం మొదలవుతుంది, మనిషి ముఖం మీద జూమ్‌లు పెరుగుతాయి. అందుకని, ఉన్న ఫుటేజ్‌తోనే ఒక కట్ (కూర్చిన ప్రతి) చేసి, అందులో ఉన్న మనిషికి చూపించమంటాను. ఆయన లేదా ఆవిడ చూసి ఏమంటారో దాన్నిబట్టి మిగతా షూటింగ్ నిర్ణయించుకోవాలి.

ఆ అమ్మమ్మ సినిమా మొదటి కట్ అలాగే లాప్‌టాప్‌లో పెట్టుకుని మనవడు ఊరికి వెళ్ళాడు. ఆవిడ ఇరుగుపొరుగుని కూడా పిలుచుకుని కూర్చుని చూసింది. తన మాటలు తనే విని రెండుచోట్ల నవ్వింది, ఒకచోట "అది నేను అనలేదు" అని దబాయించింది, ఆ ముక్క తీసేశాం. అంతా అయ్యాక ఆవిడ చేసిన ఫిర్యాదు ఒకటే, మీ తాతయ్య ఫొటో ఒక్కసారి కూడా చూపించలేదేమిరా అని. మరుసటి రోజు ఆ ఫొటో దించి, దుమ్ము తుడిపించి, ఆవిడ చేతనే మాల వేయించి షాట్ తీసి పంపాడు. మాల సీన్ వెనకే దాన్ని పెట్టాం. ఇప్పుడు ఆవిడ రెండో కట్ ఎప్పుడు తెస్తావని ఫోన్ చేస్తోందట.